తువాళ్ళు ఆరేసిన వేసవి

వాడి పేరు నేను చెప్పను. పేపర్లవాళ్ళు, టీవీలవాళ్ళు కావలసినంత చెప్పారు, ఇప్పటికీ చెబుతూనే ఉన్నారు. ఏడాదికొకసారి ఎవరో ఒకరు మైకు పట్టుకుని మా ఊళ్ళో దిగుతారు. వాడు జైల్లో ఏం తినేవాడు, చిన్నప్పుడు వాళ్ళమ్మ వాణ్ణి దేనితో కొట్టేది, అన్నీ వాళ్ళకు కంఠతా వచ్చు. సెన్యా గురించి ఏమైనా తెలుసా నాయనా అని అడిగితే నీళ్ళు నములుతారు. అందుకని నేను చెప్పేదాంట్లో వాడికి పేరు లేదు. ఉన్న పేర్లన్నీ మావాళ్ళవే.

డెబ్భై నాలుగు వేసవి అది. అమెరికాలో, సుపీరియర్ సరస్సు ఒడ్డున మాది చిన్న ఊరు. సరస్సు మీద మంచు కరిగిందంటే మగవాళ్ళు ఇనుపరాయి మోసే ఓడలెక్కి పోతారు, మళ్ళీ క్రిస్మస్ ముందు దిగుతారు. నడుమ ఊరంతా ఆడరాజ్యమే. మా ఆయన వైనో కూడా ఓడ మీదే ఉన్నాడు. నేను తెల్లవారకముందే లేచి బేకరీలో పనికి పోయేదాన్ని. మా వీధికి అవతలి పక్క, సరిగ్గా నా వంటింటి కిటికీకి ఎదురుగా మా అమ్మ లెంపి ఇల్లు. మా నాన్న ఆర్వో పోయి నాలుగేళ్ళయింది. ఓడ దిగి ఇంటికొస్తూ దారిలో బస్సులోనే గుండె ఆగి పోయాడాయన. అప్పటినుంచీ ఆ రెండంతస్తుల చెక్క ఇంట్లో అమ్మ ఒక్కతే.

వాడి చేతిలో మొదట పోయినావిడ మాకు తెలియదు. పక్క కౌంటీలో ఎవరో విధవరాలు. బేకరీలో రొట్టెలు చుట్టి ఇస్తూ, అయ్యో పాపం అనుకుని ఊరుకున్నాం. ఆ రోజుల్లో టీవీ పెడితే చాలు, ఏదో ఒక రాష్ట్రంలో ఇలాంటివాడొకడు బయటపడుతూనే ఉండేవాడు. అవన్నీ పెద్ద ఊళ్ళ జబ్బులని మా ధైర్యం. రెండో ఆవిడ మాకు ఇటు పక్క ఊళ్ళోనే పోయింది. ఆవిడ మొగుడు కూడా ఓడ మీదే. అప్పుడు మాత్రం నా గుండెల్లో రాయి పడింది. దానికి కారణం హత్య ఒక్కటే కాదు. రెండు ఇళ్ళల్లోనూ బల్ల మీద రెండేసి కాఫీ కప్పులున్నాయట. తలుపు పగలగొట్టలేదు, కిటికీ విరగలేదు. పట్టపగలు వాళ్ళే లోపలికి పిలిచి, కూర్చోబెట్టి, కాఫీ పోశారన్నమాట.

ఫిన్లండునుంచి వలసొచ్చిన మావాళ్ళ సంగతి తెలిసినవాళ్ళకు ఇందులో వింతేమీ లేదు. గడప తొక్కినవాడు పాస్టరైనా, పాత ఇనుము కొనేవాడైనా ముందు కాఫీ, తరవాతే మాట. పోయకపోతే ఆ ఇంటిదాన్ని మనిషికింద జమకట్టరు.

షెరీఫ్ దగ్గర పోలీసుగా పనిచేసే కొస్కి చర్చి నేలమాళిగలో ఆడవాళ్ళందరినీ పోగేశాడు. ముప్ఫయ్యేళ్ళవాడు, మా కళ్ళముందు చీమిడి ముక్కుతో తిరిగినవాడే.

“తెలియనివాడు తలుపు కొడితే తీయకండి. కాఫీ అసలే పోయకండి,” అన్నాడు.

ముందు వరసలో కూర్చున్న ఇంపి ముసలమ్మ చెయ్యెత్తింది. “వచ్చినవాడికి కాఫీ పోయకపోతే ఎట్లారా అబ్బాయ్? మొహాన తలుపెయ్యమంటావా?”

“అవును పెద్దమ్మా, మొహానే వెయ్యండి.”

“వాడు హంతకుడు కాకపోతేనో? ఇంపి ఇంట్లో కాఫీ చుక్క పుట్టలేదని ఊరంతా చెప్పుకోరూ?”

నవ్వాం. ఆ నవ్వు ఎక్కువసేపు నిలవలేదు. పాస్టరు భార్య హిల్యా లేచి ఒక ఉపాయం చెప్పింది. ఒంటరిగా ఉన్న ఆడవాళ్ళు పొద్దున్న లేవగానే వీధి వరండా కమ్మి మీద ఒక తువాలు ఆరెయ్యాలి, చీకటి పడేలోగా తీసెయ్యాలి. తువాలు ఉంటే మనిషి క్షేమంగా ఉన్నట్టు. కనబడకపోతే ఇరుగుపొరుగువాళ్ళు పోయి చూడాలి. ఎంత తేలికో, ఎంత చక్కనిదో అనుకున్నాం. కొస్కి కూడా తలూపాడు.

ఒప్పుకోనిదల్లా మా అమ్మ ఒక్కతే.

“నేను బతికే ఉన్నానని పొద్దున్నే గుడ్డ ఎగరేసి ఊరికి చాటుకోవాలా?” అంది, ఇంటికి నడుస్తూ.

“చాటుకుంటే నీ సొమ్మేం పోయింది?”

“మీ నాన్న పోయినప్పుడే నేను ఊరికి చాటుకోలేదు. ఇప్పుడేమొచ్చింది?”

“అయితే మా ఇంటికొచ్చి ఉండు. వెనక గది ఖాళీగానే ఉంది.”

“మనిద్దరం ఒక వంటింట్లో ఉంటే ఆ హంతకుడికి పనే ఉండదే. మనల్ని మనమే చంపుకుంటాం. అయినా ఇది మీ నాన్న కట్టిన ఇల్లు. ఎవడో వస్తాడని నేను వదిలిపెట్టి పోనా?”

ఆవిడ మొండితనం నాకు కొత్త కాదు. కాని ఆ వేసవిలో నాకు నిద్ర లేదు, తిండి లేదు. బేకరీలో రొట్టె కోస్తుంటే ప్రతి మగవాడూ వాడే అనిపించేవాడు. పాలవాడు కాస్త ఎక్కువ నవ్వినా అనుమానమే, తక్కువ నవ్వినా అనుమానమే. తాళాల దుకాణంలో గడియలన్నీ అయిపోయాయి. మా ఇంటి వీధి తలుపుకు తాళంచెవి ఉందో లేదో కూడా నాకు తెలియదు, ఎప్పుడు వేశాం గనక? కిటికీలకు మేకులు కొట్టుకుని ఎండాకాలంలో గాలి లేక ఉడికిపోయాం. ఎటు పోయినా నా ప్రాణమంతా ఎదురింటి మీదే.

ఒకరోజు అమ్మ ఎదురుగా కూర్చుని భోరున ఏడ్చేశాను. నువ్వు పోతే నాకెవరున్నారు, నీ పంతం నీకు ఎక్కువా నేను ఎక్కువా అని ఏమేమో అన్నాను. అమ్మ నావంక చూసి, “ముక్కు తుడుచుకో. కాఫీలో పడుతుంది,” అంది. మర్నాడు బేకరీనుంచి వస్తూ చూస్తే ఆవిడ వరండా కమ్మి మీద తువాలుంది. ఇంట్లో ఉన్నవాటిల్లోకల్లా పాతది, నడుమ చిల్లి పడినది ఏరి మరీ వేసింది. వేస్తే వేసిందిలే, ఎలాంటిదైతేనేం అని నాకు ప్రాణం లేచివచ్చింది.

ఆ తరవాత పట్నం పేపరునుంచి ఒకడు కెమెరా వేసుకుని వచ్చాడు. మా వీధి పొడవునా ఆరేసిన తువాళ్ళ ఫోటో తీసి, ఈ ఊరి ఆడవాళ్ళు ఒకరికొకరు కాపలా కాసుకుంటున్నారని, తువాలు కనబడకపోతే ఏం చేస్తారో అదంతా పూసగుచ్చినట్టు రాశాడు. మేం మురిసిపోయాం. ఆ కాగితం కత్తిరించి బేకరీ గోడకు అంటించింది నేనే. కొన్నవాళ్ళూ కొననివాళ్ళూ నిలబడి చదువుకుని పోయేవాళ్ళు.

ఆగస్టు మొదట్లో సెన్యా పోయింది.

మా పై వీధిలోనే ఉండేది. మొగుడు చచ్చి చాలాకాలమైంది, పిల్లల్లేరు. చర్చిలో పాడేటప్పుడు ఆవిడ గొంతు ఒక్కటే విడిగా వినబడేది. సాయంత్రం దాకా ఎవరికీ తెలియలేదు. ఎందుకు తెలుస్తుంది? తువాలు కమ్మి మీద బంగారంలా ఆరుతూనే ఉంది. పొద్దున్నే ఆరేసి లోపలికి పోయిందట. వీధినపోయే ప్రతివాళ్ళూ ఆ తువాలు చూసి, సెన్యా బాగానే ఉందనుకుని సాగిపోయాం. నేనూ పోయాను. చీకటి పడుతున్నా తీయలేదేమని హిల్యా వెళ్ళి చూస్తే, బల్ల మీద రెండు కప్పులు, కోసిన యాలకుల రొట్టె.

అంత్యక్రియలకు అమ్మా నేనూ కలిసే వెళ్ళాం. తిరిగి వస్తుంటే వీధిలో తువాళ్ళు గాలికి ఊగుతున్నాయి. అమ్మ ఒక్కొక్క ఇంటిముందూ ఆగి చూసుకుంటూ నడిచింది. నడుం నొప్పేమోనని చెయ్యి పట్టుకోబోతే విదిలించేసింది.

మర్నాడు పొద్దున బేకరీ కిటకిటలాడుతోంది. ఎవరూ ఇంట్లో ఉండలేక రొట్టె వంకన అక్కడికొచ్చి నిలబడ్డారు. తల ఎత్తేసరికి వరసలో అమ్మ ఉంది. వంటింటి ఏప్రన్‌తోనే వచ్చేసింది. ఏప్రన్‌తో అమ్మ వీధి దాటడం నేను పుట్టి ఎరగను. ముందుకు రమ్మంటే రాలేదు. తన వంతు వచ్చేదాకా నిలబడి, అప్పుడు అడిగింది.

“వైనో పాత బూట్లు ఒక జత ఉన్నాయా? బురదవైనా సరే.”

“ఎందుకమ్మా?”

“వెనక మెట్టు మీద పెట్టాలి. మీ నాన్న ఇంట్లో ఉన్నాడని ఒకడితో చెప్పాను. వాడు మళ్ళీ వస్తే చూపించాలి కదా.”

ఆవిడ గొంతులో వణుకు లేదు.  నా చేతిలో రొట్టె ఎవరికిచ్చానో, ఇచ్చానో లేదో కూడా తెలియదు. అమ్మను వెనక గదిలోకి తీసుకుపోయి పిండి బస్తా మీద కూర్చోబెట్టాను. యజమాని కొస్కికి ఫోను చేశాడు. కొస్కి వచ్చేసరికి అమ్మ నా చేత నీళ్ళు తాగించి, నన్నే ఓదారుస్తోంది.

“చెప్పు పిన్నీ,” అన్నాడు కొస్కి.

“చెప్పడానికేముంది? సెన్యాను చూశాక ఇవాళ తువాలు వెయ్యబుద్ధి కాలేదు. గిన్నెలు సర్దుకుంటున్నాను. ఎవడో వెనక తలుపు దగ్గరకొచ్చాడు. శుభ్రంగా గడ్డం గీసుకున్నాడు, తల దువ్వుకున్నాడు. ‘ఇవాళ మీ తువాలు కనబడలేదమ్మా, కంగారుపడ్డాను. చర్చివాళ్ళు చూసి రమ్మన్నారు,’ అన్నాడు.”

“అయితే?”

“అయితే ఏమిట్రా, పోలీసువి నువ్వా నేనా? తువాలు లేని ఇంట్లో మగాడున్నాడనే కదా లెక్క. ఈ ఇంటికి రోజూ తువాలు ఉంటుందని, ఇవాళే లేదని కొత్తవాడికెట్లా తెలుస్తుంది? కనిపెట్టుకుని చూస్తుంటేనే కదా? మేం గుడ్డలు వేసింది మమ్మల్ని మేం చూసుకోడానికి. వాడూ చూసుకున్నాడు. ఏ ఇంట్లో మగదిక్కు లేదో ఇంటింటికీ జెండా కట్టి మరీ చూపించాం.”

కొస్కి మొహం పాలిపోయింది. ఆ తువాళ్ళు మంచివని ఊరికి చెప్పినవాడు తను కూడాను.

“మరి తలుపెందుకు తీశావమ్మా?” అన్నాను.

“అది జాలీ తలుపు. దాని కొక్కెమెంత? ఒక్క లాగు లాగితే ఊడొస్తుంది. తీయకపోతే నాకు తెలిసిపోయిందని వాడికి తెలిసిపోతుంది. అందుకని నవ్వి, ‘రా నాయనా, కాఫీ తాగి పో. మా ఆయన రాత్రే ఓడ దిగాడు, అందుకే ఇవాళ తువాలు వెయ్యలేదు. పైన పడుకున్నాడు,’ అన్నాను. వాడు కూర్చోలేదు. మెట్టు వంక చూసి, ‘బూట్లు లేవే,’ అన్నాడు. తడిసిపోయాయి, పైన ఆరబెట్టుకున్నాడన్నాను. కప్పు చేతికిచ్చాను. తాగుతూ నావంకే చూస్తున్నాడు. నమ్మలేదు. వాడు నమ్మలేదని నాకు తెలుస్తోంది. అప్పుడిక ఏం చెయ్యను? మేడమెట్ల దగ్గరికి పోయి మన భాషలో గట్టిగా పిలిచాను. ‘ఆర్వో, కాఫీ అయింది, దిగు,’ అని.”

అమ్మ ఏప్రన్ అంచు వేళ్ళకు చుట్టుకుంటోంది.

“పైన నేలచెక్క కిర్రుమంది. మంచం దిగేటప్పుడు మీ నాన్న కాలు పెట్టేచోట. వాడూ విన్నాడు. పైకి చూశాడు. కప్పు బల్ల మీద పెట్టి, ‘మీవారిని లేపకండి,’ అనేసి పోయాడు. నీలం వ్యాను, పైన నిచ్చెన ఉంది. కిటికీ జాలీలు బాగుచేసేవాడట. కప్పు కడగలేదు, అక్కడే ఉంది. కడగకుండా రావడానికి ప్రాణం పోయిందనుకో.”

కొస్కి లేచాడు. గుమ్మం దగ్గర ఆగి మెల్లగా అడిగాడు. “పిన్నీ, పైన ఎవరున్నారు?”

“చెప్పాను కదరా. మా ఆయన.”

నేను కొస్కితో పాటు బయటికి నడిచి, పాత చెక్క ఇల్లు, ఎండ తగిలితే కిర్రుమంటుంది, అమ్మ బెదిరిపోయి ఉంది అని చెప్పాను. అతను తలూపాడు. ఇద్దరం ఒకరి మొహం ఒకరం చూసుకోలేదు.

మధ్యాహ్నానికల్లా వీధిలో ఒక్క తువాలు లేదు. ఎవరికి వాళ్ళు పరుగున పోయి కమ్మి మీదినుంచి గుంజేసుకున్నారు. ఇంపి ముసలమ్మ తన తువాలు పొయ్యిలో పెట్టింది. నేను బేకరీ గోడ మీది పేపరు ముక్క గోళ్ళతో గీకి పారేశాను.

వాడు ఆ వారమే దొరికాడు. కప్పు మీది వేలిముద్రలు, నీలం వ్యాను, ఈ రెండే పట్టిచ్చాయి. ఇంకేముంది, టీవీలవాళ్ళు మిడతల దండులా దిగారు. ఒకడు అమ్మ మొహం మీద లైటు వేసి, అంతటి రాక్షసుణ్ణి ఎలా ఎదుర్కొన్నారమ్మా అని అడిగాడు. “కాఫీ పోశాను,” అంది అమ్మ. ఇంకా ఏమైనా చెప్పమన్నాడు. “మీరూ తాగుతారా?” అంది. అదే వేశారు ఆ రాత్రి వార్తల్లో. దేశమంతా నవ్వుకుంది. వైనో ఏదో రేవునుంచి ఫోను చేసి, మీ అమ్మ ఓడ మీద అందరికీ దేవతైపోయిందే అన్నాడు.

ఊరు ఊపిరి పీల్చుకుంది. కిటికీల మేకులు ఊడబెరికారు. నాకు మాత్రం అసలు భయం అప్పుడే మొదలైంది.

నేను ఎప్పుడు పోయినా అమ్మ బల్ల మీద రెండు కప్పులు ఉండేవి. ఆ వేసవంతా రెండు కప్పులంటే మాకు ఒక్కటే అర్థం. మొదటిసారి చూసినప్పుడు గుమ్మంలోనే కెవ్వుమన్నాను. అమ్మ పొయ్యి దగ్గరనుంచి తిరిగి, “ఏమైందే, పిల్లిని తొక్కావా?” అంది. రెండో కప్పు నిండుగా, చల్లారిపోయి ఉంది. నేను దాని గురించి అడగలేదు, ఆవిడ చెప్పలేదు. ఆదివారాల్లో నా సెలవునాడు వంటింటి కిటికీ తెరిస్తే, పొద్దున్నే అవతలినుంచి వినబడేది. ఆర్వో, కాఫీ అయింది. కాసేపాగి మళ్ళీ, ఈసారి కాస్త గట్టిగా. నేను కిటికీ మూసేసి కుళాయి తిప్పేదాన్ని. వాడు మా అమ్మను చంపకుండానే ఏదో ఎత్తుకుపోయాడేమోనని దిగులు పట్టుకుంది. డాక్టరుకు చూపిద్దామా, పాస్టరుకు చెబుదామా అని రోజుకొకటి అనుకోవడం, ఆవిడ మొహం చూసి నోరు పెగలక తిరిగి రావడం. మా ఇంటికొచ్చెయ్ అని మళ్ళీ ఎన్నిసార్లు బతిమాలానో. “నీకేం తోచడం లేదా?” అనేది.

సెప్టెంబరు చివర, మొదటి చలిగాలి వీచిన రోజు, నేను పనినుంచి వచ్చి బూట్లు విప్పుకుంటున్నాను. అమ్మ వీధి దాటి వచ్చింది. ఒక చంకలో దిండు, ఇంకో చేతిలో కాఫీ కెటిల్. కోటు బొత్తాలు ఒకటి తప్పించి ఒకటి పెట్టుకుంది.

“వెనక గది ఖాళీయేనా?” అంది.

“ఖాళీయే. ఏమైందమ్మా? ఎవరైనా వచ్చారా?”

“ఎవరూ రాలేదు.”

“మరి? వాడు జైల్లో ఉన్నాడు. ఇప్పుడెందుకు భయం?”

అమ్మ దిండు కుర్చీలో పెట్టింది. నా కెటిల్ పక్కకు జరిపి తనది పొయ్యి మీద పెట్టింది. మంట సరిచేస్తూ, నావైపు తిరక్కుండానే మాట్లాడింది.

“భయమని ఎవరన్నారే? ఆ రోజు ఒక్కసారి పిలిస్తే పలికాడు. పలికాడా లేదా? ఆ వెధవ కూడా విన్నాడు.”

 “విన్నాడమ్మా,” అన్నాను.

“అప్పట్నుంచి రోజూ పొద్దున్నే పిలుస్తున్నాను. మంచిగా పిలిచాను, కోపంగా పిలిచాను. నువ్వు చూడకుండా పైకి కూడా పోయి, మంచం పక్కన కూర్చుని పిలిచాను.” కెటిల్ మూత తీసి చూసి మళ్ళీ పెట్టింది. “పలకడం లేదే ఐలీ. ఆ ఇంట్లో లేడు.”